పెద్దాయన పొగిడిన రోజు

ఆ కట్టుడు పళ్ళ ల్యాబ్‌లో యజమాని అయిన పెద్దాయన ఎవరినైనా నలుగురిలో పొగిడాడంటే, ఇక వాళ్ళకి అక్కడ నూకలు చెల్లినట్టే. ఎవరో పనిగట్టుకుని పెట్టిన నియమం కాదిది, అందరూ కళ్ళారా చూసిందే. పళ్ళకి మెరుగు పెట్టే అతన్ని ఒకరోజు "నీ చేతిలో మహిమ ఉందయ్యా" అన్నాడు. వారం తిరక్కుండా అతని స్టూలు ఖాళీ అయింది. డాక్టర్ల దగ్గరికి పెట్టెలు మోసుకెళ్ళే అతన్ని "నీలాంటి నమ్మకస్తుణ్ణి నేను చూళ్ళేదు" అన్నాడు. అతనూ మళ్ళీ కనిపించలేదు. మామూలు రోజుల్లో పెద్దాయన నోట మెచ్చుకోలు రావడమంటే గగనమే. పని బాగుంటే "ఊఁ" అంటాడు. బాగోలేకపోతే ఆ పాటి కూడా అనడు.

అలాంటి మనిషి, డౌటమ్మకి ఇరవై నాలుగు నిండిన రోజు పొద్దున, టీ కప్పు పక్కన పెట్టి, గొంతు సవరించుకుని లేచి నిలబడ్డాడు. ఆమెకి ఖాళీ అయిన ఆ స్టూలే గుర్తొచ్చింది.

డౌటమ్మ అనేది ఆమెకి ల్యాబ్ వాళ్ళు పెట్టిన పేరు. పనిలో చేరిన కొత్తలో ప్రతి మాటకీ ముందు "ఒక డౌటు" అనేది. ఇప్పుడు పైకి అనడం తగ్గింది కానీ, లోపల మాత్రం ఆ డౌటు అలాగే కూర్చుని ఉంది.

"ఇవాళ మన అమ్మాయి పుట్టినరోజు," అన్నాడు పెద్దాయన, గోడ మీద గడియారానికి చెబుతున్నట్టు. "ఇలాంటి పనిమంతురాలు దొరకడం మన అదృష్టం. ఈ వయసు మళ్ళీ రాదు. ఆకాశానికి నిచ్చెన వెయ్యి. పడితే లే. లేచి మళ్ళీ ఎక్కు. నీ ముందు బోలెడు జీవితం ఉంది. ఈ నాలుగ్గోడలే లోకం అనుకోకు."

అందరూ చప్పట్లు కొట్టారు. డౌటమ్మ కూడా కొట్టింది. తన పుట్టినరోజుకి తనే చప్పట్లు కొట్టుకుంటున్నానని ఆమెకి తోచనే లేదు. బుర్రంతా ఆ ఆఖరి మాట దగ్గరే ఆగిపోయింది. ఈ నాలుగ్గోడలే లోకం అనుకోకు. అంటే ఏంటి? సామాను సర్దుకోమనేగా?

టేబుల్ దగ్గర కూర్చుని మైనం కత్తి వేడి చేస్తూ ఒక్కొక్కటే గుర్తు చేసుకుంది. మొన్న మధ్యాహ్నం తను చేతులు కడుక్కుని వచ్చేసరికి పెద్దాయన టేపు పట్టుకుని తన టేబుల్ పొడుగూ వెడల్పూ కొలుస్తున్నాడు. "ఏంటి సార్?" అంటే, "ఏం లేదు, ఊరికే" అన్నాడు. ఊరికే ఎవరైనా టేబుళ్ళు కొలుస్తారా? నిన్న ఎవరో కొత్తమ్మాయి వచ్చింది. పెద్దాయన ఆ పిల్లని తీసుకొచ్చి సరిగ్గా తన స్టూలు మీదే కూర్చోబెట్టి, "ఎత్తు సరిపోయిందా?" అని అడిగాడు. సరిపోయిందట. ఇంట్లోనూ ఏదో తేడాగానే ఉంది. రాత్రి అమ్మకి ఫోను వస్తే వంటింట్లోకి వెళ్ళి తలుపు దగ్గరగా వేసుకుంది. పొద్దున చెంపలు నిమిరి, "ఈ ఏడు నీకు పెద్ద మార్పు వస్తుందే, ఏమొచ్చినా ధైర్యంగా ఉండు" అంది. చెప్పేది తల్లే కాబట్టి అప్పుడు పట్టించుకోలేదు. ఇప్పుడు ఆ మాటకి అర్థం తెలిసినట్టయింది.

వీటన్నిటికీ తోడు మాస్టారు. పళ్ళని మైనంలో వరసగా నిలబెట్టే పనిలో తలపండిన మనిషి. ఆమె పక్క టేబులే ఆయనది. రోజూ ఏదో ఒక వంకన ఆట పట్టించకపోతే ఆయనకి పొద్దు గడవదు. అలాంటిది నాలుగు రోజులుగా తల ఎత్తి చూడటం లేదు. ఇవాళ చప్పట్లు కూడా రెండు కొట్టి ఆపేశాడు.

మధ్యాహ్నం తినే వేళకి ఆమె ఉండబట్టలేకపోయింది.

"మాస్టారూ, నా విషయంలో ఏమైనా అనుకుంటున్నారా?"

"నన్నెందుకమ్మా అడుగుతావు?" అన్నాడాయన డబ్బా మూత బిగిస్తూ. "ఆ గదిలో కూర్చున్నాయన్నే అడుగు. ఇక్కడ నా మాటకి విలువెక్కడేడ్చింది?"

ఆమె మెట్ల దగ్గరికి వెళ్ళి ఇంటికి ఫోను చేసింది.

"అమ్మా, రాత్రి ఎవరితో మాట్లాడావు?"

"ఎవరితోనే? మీ పిన్నితో."

"పిన్నితో అయితే తలుపెందుకు వేసుకున్నావు?"

"పొయ్యి మీద పాలు పొంగుతున్నాయి, ఉంటానే," అని పెట్టేసింది అమ్మ.

మధ్యాహ్నం వేళ ఆ ఇంట్లో పాలు కాచిన రోజు లేదు. డౌటమ్మకి ఇక సందేహం తీరిపోయింది. అందరికీ తెలుసు, తనకి తప్ప. ఏడుపు రావాల్సింది పోయి ఒళ్ళు మండింది. పని ముగిసే వేళకి ఆ మంట ఇంకా పెరిగింది. ఇంత పని చేసి, పుట్టినరోజు నాడు నిచ్చెనల గురించి విని బయటికి నడవాలా? పంపించేదాకా ఆగడమెందుకు? సొరుగు లాగి తన కత్తులూ బ్రష్షులూ బట్టలో చుట్టి సంచిలో వేసుకుంది. తువ్వాలు మడిచి పైన పెట్టింది. సంచి భుజాన వేసుకుని పెద్దాయన గదిలోకి వెళ్ళింది.

"సార్, మీరు చెప్పేదాకా ఎందుకు, నేనే వెళ్ళిపోతాను. కానీ ఒక్క మాట. నా పనిలో తప్పేముందో మొహం మీద చెప్పాల్సింది. పొగిడి పంపడం ఏం పద్ధతి?"

పెద్దాయన ఆమెనీ, సంచినీ మార్చి మార్చి చూశాడు.

"ఎవరు పంపిస్తున్నారు నిన్ను?"

"మీరు పొగిడినవాళ్ళెవరు ఉన్నారు సార్ ఇక్కడ? మెరుగు పెట్టే అతను ఉన్నాడా?"

"వాడా? వాడికి వేరేచోట పని దొరికి, వెళ్తానని వాడే వచ్చి చెప్పాడు. పెట్టెలు మోసే అతనూ అంతే, కూతురి దగ్గరికి వెళ్ళిపోయాడు. వెళ్ళేవాళ్ళని ఒక మంచి మాటైనా అనకుండా సాగనంపమంటావా?" పెద్దాయన కళ్ళజోడు తీశాడు. "నేను పొగిడితే పోతారా? ఇన్నాళ్ళూ మీరంతా అలా అనుకుంటున్నారా?"

డౌటమ్మ సంచి దించలేదు. "మరి టేబుల్ ఎందుకు కొలిచారు? ఆ కొత్తమ్మాయి ఎవరు? మా అమ్మకి ఫోను చేసింది మీరేనా?"

"నేనే. ఈ వయసు పిల్లలకి పుట్టినరోజు నాడు ఏం చెబితే బాగుంటుందో నాకు తెలియక మీ అమ్మగారిని అడిగాను. ఆవిడ చాలాసేపు చెప్పారు. ఆ నిచ్చెనా, నాలుగ్గోడల మాటా ఆవిడవే. నీకు రాబోయే మార్పు గురించీ చెప్పి, సాయంత్రం దాకా నీకు ఏమీ చెప్పొద్దని నేనే మాట తీసుకున్నాను."

ఆమెకి నవ్వొచ్చింది గానీ నవ్వలేదు. ఇంకా మిగిలే ఉంది.

పెద్దాయన కుడిచెయ్యి బల్ల మీద పరిచి పెట్టాడు. "చూడు."

వేళ్ళు సన్నగా వణుకుతున్నాయి. ఆయన ఆపాలని చూసిన కొద్దీ ఎక్కువవుతున్నాయి. ఈ మధ్య ఆయన టీ కప్పు రెండు చేతుల్తో ఎందుకు పట్టుకుంటున్నాడో ఆమెకి అప్పుడర్థమైంది. ఇన్నింటినీ కనిపెట్టిన తన కళ్ళకి ఇది మాత్రం ఆనలేదు.

"ముందు పళ్ళ వరస ఇక నేను పెట్టలేను," అన్నాడు. "బయట కిటికీ దగ్గర నేను పని చేసే చోటు ఇక నీది. నీ టేబుల్ అక్కడ పడుతుందా లేదా అని కొలిచాను. ఇప్పుడు పళ్ళ పనితో పాటు అచ్చుల్లో పోసే ప్లాస్టరు కూడా నువ్వే కలుపుతున్నావు, ఆ పని ఇక కొత్తమ్మాయి చేస్తుంది. అందరూ వెళ్ళాక చెబుదామనుకున్నాను. ఈలోపు నువ్వు మూటా ముల్లే సర్దేశావు."

"మాస్టారు ఉండగా నేనెందుకు సార్?"

"తలుపు వెయ్యి." ఆమె వేసింది. "ఆయన చెయ్యి నీకంటే సాఫు. అబద్ధమెందుకు? కానీ డాక్టరు పంపిన అచ్చు ఎలా వస్తే అలా నమ్మేస్తాడు. నువ్వు నమ్మవు. ఆ మధ్య ఒక పెద్దావిడ దవడ అచ్చు చూసి, ఇది తప్పుగా ఉందని డాక్టరుకి ఫోను చేశావు. ఆయన నిన్ను నానా మాటలూ అన్నాడు. అయినా వదిలావా? మళ్ళీ అచ్చు తీయించావు. ఇవాళ ఆవిడ గట్టి పదార్థాలు కూడా నమిలి తింటోందట, డాక్టరే చెప్పాడు. నోట్లో పెట్టుకునే వస్తువు తయారు చేసేవాళ్ళకి ఆ అనుమానం ఉండి తీరాలమ్మాయ్. అది పోగొట్టుకోకు. నాకు చెప్పడం చేతకాదు గానీ, పొద్దున చెప్పాల్సింది ఇదే."

డౌటమ్మకి కళ్ళు చెమర్చాయి. చిన్నప్పట్నుంచీ ఇంటా బయటా ఆ గుణం మానుకోమన్నవాళ్ళే గానీ, ఉంచుకోమన్న మనిషి ఈయనొక్కడే. సంచి భుజం మీంచి దించి కింద పెట్టింది.

బయటికి వచ్చేసరికి మిగతావాళ్ళు వెళ్ళిపోయారు. మాస్టారు ఒక్కడూ చెప్పులు వేసుకుంటున్నాడు.

"చెప్పాడా?" అన్నాడు.

"చెప్పారు. మీకు కోపం వచ్చింది కదూ?"

"రాదా? ఇంత కాలం పనిచేసింది నేను. ఆయన మీదా కోపమే, నీ మీదా కోపమే. తేనె పూసి మాట్లాడటం నావల్ల కాదు."

పొద్దున్నించీ చుట్టూ వినిపించిన తీపి మాటలకంటే ఈ మాటే ఆమెకి హాయిగా ఉంది. కనీసం దీని వెనక ఏముందో వెతుక్కోనక్కర్లేదు.

"రేపు టేబుల్ జరపడానికి నన్ను పిలవకు," అన్నాడాయన.

"పిలవను మాస్టారూ. కానీ వరస పెట్టినప్పుడు పిలుస్తాను. నా చెయ్యి మీ అంత సాఫు కాదు."

ఆయన తలుపు దాకా వెళ్ళాడు. వెనక్కి వచ్చాడు. ఆమె టేబుల్ మీద సగంలో ఆపేసిన పళ్ళ వరసని వెలుతురు వైపు తిప్పి పట్టుకుని చాలాసేపు చూశాడు.

"ఈ కోరపన్ను లోపలికి తిప్పు," అన్నాడు. "మనిషి నవ్వగానే అదే ముందు పలకరిస్తోంది."

డౌటమ్మ సంచి విప్పి కత్తి తీసింది. దీపం వెలిగించి వేడి చేసి, పన్ను చుట్టూ మైనం మెత్తబరిచి, ఒక్క పిసరు తిప్పింది. మాస్టారు చెప్పులు విప్పి పక్క స్టూలు లాక్కుని కూర్చున్నాడు.

"ఇంకొంచెం," అన్నాడు.