పన్నెండో దెబ్బ

వెంకటనర్సమ్మకు భయమంటే ఏమిటో తెలియదని నాచారం డబ్బా మూతల ఫ్యాక్టరీలో అందరూ అనుకునేవాళ్లు. 2011 డిసెంబరులో ఓ శనివారం పొద్దున ఉప్పల్ గ్రౌండులో స్టేజీ ఎక్కేదాకా ఆమె కూడా అదే అనుకుంది.

అసలు ఈ తంటా తెచ్చిపెట్టింది పక్క మిషన్ స్వర్ణలత. ప్రెస్సు మిషన్ దగ్గర నర్సమ్మ పదకొండేళ్లుగా పాడుకునే నాట్ల పాటను, మిషన్ చప్పుడుతో సహా సెల్‌ఫోన్‌లో పట్టింది. నగరంలో ఏటా జరిగే సంగీత, సినిమా, టెక్నాలజీ ఉత్సవానికి పంపింది. వాళ్లు మురిసిపోయి, శనివారం సాయంత్రం వచ్చి పాడమన్నారు. ఇంకేముంది, షిఫ్టు షిఫ్టంతా వారపు సెలవు మార్చుకుని మరీ బయల్దేరింది.

పొద్దున రిహార్సల్‌కు డ్రమ్ముల ముందు ఉమామహేశ్వర్ కూర్చున్నాడు. ఫోన్లో వచ్చిన పాట విని, మిషన్ చప్పుడంతా నేర్చుకొచ్చిన కుర్రాడు. గడియారం కొట్టినట్టు వాయించాడు. రెండో చరణానికల్లా నర్సమ్మకు ఊపిరాడలేదు. మళ్లీ మొదలుపెట్టింది, మళ్లీ అక్కడే గొంతు పట్టేసింది. మూడోసారి దగ్గొచ్చింది.

"ఇంకోసారి ఆగితే మీ పాట తీసేయాల్సి వస్తుందండీ" అంది ఉత్సవం నడిపే కమలకుమారి. మర్యాదగానే అంది పాపం, కాని తిట్టినా అంత బాధ ఉండేది కాదు.

నర్సమ్మ స్టేజీ మెట్ల మీద కూలబడింది. తోడొచ్చిన స్వర్ణలత పక్కన కూర్చుంది. సెలవులు మార్చుకుని వస్తున్న షిఫ్టు ముందు ఏ మొహం పెట్టుకుని నిలబడాలి? ఏడుపు ముంచుకొచ్చింది.

"నా దమ్ము అయిపోయింది లతా. ముసల్దాన్నయిన."

"ఏడ అయిపోయిందక్కా? నిన్న మిషన్ కాడ మంచిగనే పాడితివి గదా!"

మిషన్ పేరెత్తగానే నర్సమ్మ చెయ్యి దానంతటదే మోకాలి మీద దెబ్బలు వేయసాగింది. ఒకటి, రెండు, మూడు... పదకొండు. పన్నెండోదానికి చెయ్యి గాల్లో ఆగిపోయింది. ఆ మిషన్ చక్రానికి పన్నెండు పళ్లు, పన్నుకో దెబ్బ, అందులో ఒకటి ఎప్పుడో విరిగింది. అందుకని పన్నెండో దెబ్బ ఎప్పుడూ పడదు. ఆ సందులోనే ఆమె పదకొండేళ్లుగా ఊపిరి తీసుకుంటోంది.

లేచి నేరుగా డ్రమ్ముల దగ్గరికి పోయింది.

"తమ్మీ, పన్నెండో దెబ్బ కొట్టకు."

"అయ్యో, అది రికార్డింగులో లోపమనుకుని నేనే సరిచేశానమ్మా!" అన్నాడు ఉమామహేశ్వర్.

"లోపం గాదు తమ్మీ. ఆడ నేను గాలి పీల్చుకుంట."

అతను ఆ దెబ్బ వదిలేసి వాయించాడు. పాట చివరిదాకా పరుగెత్తింది. కుర్రాడు కర్రలు పక్కన పెట్టి దణ్ణం పెట్టాడు.

సాయంత్రానికి గ్రౌండు కిక్కిరిసింది. ముందు కుర్చీల్లో సాఫ్ట్‌వేర్ వాళ్లు, వెనక నిలబడి షిఫ్టంతా. నర్సమ్మ పాట ఎత్తుకోగానే షిఫ్టు వాళ్లు చప్పట్లు అందుకున్నారు, పన్నెండోదాని దగ్గర చేతులు ఆపుతూ. ఏళ్ల తరబడి అదే చప్పుడు విన్నవాళ్లకు ఒకరు చెప్పాలా! కుర్చీల్లో వాళ్లు మాత్రం రెండుసార్లు తప్పు కొట్టి, నాలుక్కరుచుకుని, మూడోసారికి దారిలో పడ్డారు.

చివరి చరణం. పదకొండు చప్పట్లకు గ్రౌండు దద్దరిల్లింది. పన్నెండోదానికి వేల చేతులు గాల్లో ఆగిపోయాయి. వరంగల్ రోడ్డు మీద బస్సు హారన్ ఒక్కటే వినిపించింది.

ఇంతమంది తన ఊపిరి కోసం ఆగారు. నర్సమ్మ తొందరపడలేదు. గుండె నిండా గాలి పీల్చుకుని పాట అందుకుంది.