స్టేకి మొక్కిన కొబ్బరికాయ

బిలాస్‌పూర్ హైకోర్టులో స్టే వచ్చిందని ఫోను రాగానే డబ్ల్యూఆర్ఎస్ రైల్వే కాలనీ తెలుగువాళ్లంతా తమ సహకార బ్యాంకు ముందు పోగయ్యారు. ఎవరో లడ్డూలు పంచారు, ఎవరో టపాకాయలు కాల్చారు. బ్యాంకు ఛైర్మన్ చెన్నకేశవులు మెడలో పడ్డ బంతిపూల దండ ఆయన బొజ్జ దాకా వేలాడింది. అంతలో సుభద్ర జనాన్ని తోసుకుంటూ వచ్చి ఆయన చేతిలో కొబ్బరికాయ పెట్టింది.

"కేసు గెలిస్తే బ్యాంకు గుమ్మం కాడ కాయ కొట్టిస్తానని పైడితల్లికి మొక్కినాను బావూ. మీ సేత్తోనే కొట్టండి. ఇక నా పైసా నాకొచ్చేసినట్టే కదా?"

"ఆఁ... వస్తుందమ్మా" అన్నాడు చెన్నకేశవులు. కాయ రెండు చక్కని చెక్కలైంది. శుభమని అందరూ చప్పట్లు కొట్టారు. ఆయనకు మాత్రం నోట్లో లడ్డూ గొంతు దిగలేదు.

ఎలా దిగుతుంది? గెలిస్తే ఆ పైసా రాదని అంత గుంపులోనూ తెలిసినవాడు ఆయనొక్కడే.

బ్యాంకు చితికిపోయి చాలా కాలమైంది. అప్పులు తీసుకున్న పెద్దమనుషులు ఎగ్గొట్టి తప్పుకున్నారు. సహకార బ్యాంకుల మీద అజమాయిషీ చేసే పైవాళ్లు మొదట ఎవరూ డబ్బు తీయకూడదని ఆంక్ష పెట్టారు, ఆఖరికి లైసెన్సే రద్దు చేశారు. కాలనీలోనే పుట్టి పెరిగిన వకీలు గిరిధర్ అప్పుడే ఆయనకు విడమరిచి చెప్పాడు.

"సీదా మాట చెప్తా అంకుల్. లైసెన్సు పోతే చిన్న డిపాజిట్లకి బీమా సొమ్ము వచ్చేస్తది. మన మాట వినకుండా రద్దు చేశారని కోర్టుకెళ్తే స్టే దొరుకుతది. లేకిన్ బీమా అక్కడే ఆగిపోతది, పైసా తియ్యనివ్వని ఆర్డరు మాత్రం అలాగే ఉంటది. సోచ్ లో."

చెన్నకేశవులు ఆలోచించాడు. డిపాజిట్ల గురించి కాదు, గుమ్మం మీది బోర్డు గురించి. ఆ చుట్టుపక్కల తెలుగు అక్షరాలున్న బోర్డు అదొక్కటే. దాన్ని దించుతుంటే బజారంతా నవ్వదా? మింగ మెతుకు లేదు, మీసాలకు సంపెంగ నూనె! మీటింగు పెట్టి, మైకు పట్టుకుని, "బ్యాంకు పోతే తెలుగువాళ్ల పరువు పోతుంది. కేసు గెలిస్తే అందరి సొమ్మూ భద్రం" అన్నాడు. బీమా ఊసే ఎత్తలేదు. అందరికంటే ముందు చెయ్యెత్తింది సుభద్రే.

ఆమె భర్త అప్పలస్వామి వ్యాగన్ వర్క్‌షాపులో చెన్నకేశవులు కింద పనిచేస్తూ సర్వీసులోనే పోయాడు. రైల్వే ఇచ్చిన సొమ్మును ఈ బ్యాంకులో దగ్గరుండి వేయించింది కూడా ఈ మహానుభావుడే. క్వార్టరు ఖాళీ చేసే గడువు దగ్గర పడుతోందని, కేసు మీద నమ్మకంతో ఆమె బీర్‌గావ్‌లో చిన్న ఇంటికి బయానా ఇచ్చుకుంది. మిగతాది బ్యాంకులోంచి రావాలి.

రాలేదు. చూసి చూసి ఇంటాయన వేరేవాళ్లకు అమ్మేసుకున్నాడు. బయానా కూడా పోయింది.

సుభద్ర ఎదురొస్తుంటే చెన్నకేశవులు సందు మారేవాడు. ఎవరైనా బ్యాంకు మాటెత్తితే గుమ్మడికాయల దొంగలా భుజాలు తడుముకునేవాడు. ఆమె క్వార్టరు ఖాళీ చేస్తోందని విన్న రోజున ఇక కూర్చోలేకపోయాడు. ముందు గిరిధర్ దగ్గరికి వెళ్లి, తన పేరు మీద వేసిన కేసు వాపసు తీసుకుంటానని సంతకం పెట్టాడు. అక్కణ్నుంచి సుభద్ర ఇంటికి వెళ్లాడు.

గుమ్మం ముందు ఛోటా హాథీ బండిలో మంచం, బీరువా ఎక్కించి ఉన్నాయి. సుభద్ర తులసి కుండీ పట్టుకుని నిలబడింది. మోవాలో చెల్లెలి ఇంటి వరండాలో ఉంటుందట.

"కేసు వాపసు తీసుకుంటున్నానమ్మా. బ్యాంకు మూసేస్తారు" అన్నాడు.

ఆమె కుండీ కింద పెట్టేసింది. "అదేటి బావూ! నా ఒక్కదాని కట్టం సూసి అలాటి పని సెయ్యకండి. బ్యాంకు పోతే మన పరువు పోద్దని మీరే కదా సెప్పినారు? ఇంత కట్టపడి గెలిచినాం. నాను ఆగుతాను. ఎన్నాళ్లయినా ఆగుతాను."

తిట్టి ఉంటే తట్టుకునేవాడే. తను చెప్పిన అబద్ధాన్నే ఆమె తనకు ధైర్యంగా చెబుతుంటే సిగ్గుతో చచ్చిపోయాడు.

"గెలవబట్టే నీ సొమ్ము ఆగిపోయిందమ్మా. లైసెన్సు పోనిచ్చి ఊరుకుని ఉంటే బీమా వచ్చేది. నువ్వు బీర్‌గావ్‌లో నీ ఇంట్లో ఉండేదానివి. ఈ సంగతి కేసు వెయ్యకముందే నాకు తెలుసు."

బండివాడు హారన్ కొట్టి, "చలే క్యా, అమ్మా?" అని కేకేశాడు. ఆమె కుండీ ఎత్తుకుని, బండి ఎక్కబోయి, వెనక్కి తిరిగింది.

"అన్నీ తెలిసే మరి, నా కాయ మీ సేత్తో ఎలా కొట్టినారు బావూ?"