పాపను తిరిగి అప్పగించితిని

ఇరవై రెండేళ్లుగా దర్జీ ప్రతి శనివారం పదింటికి ఫ్యామిలీ కోర్టు పిల్లల గదికి వెళ్తున్నాడు. భార్యతో విడిపోయినప్పుడు, పాపను కలుసుకోవడానికి కోర్టు ఇచ్చిన రెండు గంటలవి. ఆ బుల్లి ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుంటే మోకాళ్లు గడ్డానికి తగిలేవి. ఎదురుగా ఒంటిచెవి చెక్కగుర్రం, దాని పక్కన పాప. పాపకు ఇరవై ఆరేళ్లు. పశువుల డాక్టరు.

తల్లి రావడం ఎప్పుడో మానేసింది. అందుకని పాపే బండి నడుపుకుంటూ వచ్చి, రిజిస్టరులో ‘పాపను అప్పగించితిని’ అన్నచోట సంతకం పెట్టి, తనను తానే అప్పగించుకునేది. పన్నెండింటికి ‘పాపను తిరిగి అప్పగించితిని’ అన్నచోట దర్జీ పెట్టేవాడు. ఇదేం చోద్యమయ్యా అని ఒక్కడైనా అడిగితే ఒట్టు!

ఆ శనివారం గుమాస్తా తాళంచెవి ఊపుకుంటూ వచ్చాడు.

“పనికిరాని పిటిషన్లన్నీ మూసేయమన్నారండీ. మీదే మొదటిది. ఈ ఆఖరి సంతకం పడేయండి, గదికి తాళం వేసుకోవాలి.”

దర్జీ పెన్ను పట్టుకుని ఆగిపోయాడు. సంతకం పెడితే పాపను తిరిగిచ్చేసినట్టే. వచ్చే శనివారం రమ్మనడానికి తనకేం హక్కు? కాగితం లేకుండా కూతుర్ని పిలిచి ఎరగడు.

“కళ్లజోడు తేలేదు.”

“నెత్తిమీదుంది.”

“ఈ పెన్ను రాయదు.”

గుమాస్తా ఇంకోటిచ్చాడు.

“చెయ్యి పట్టేసిందయ్యా.”

“నన్ను చంపకండి బాబూ! మీరు పెట్టకపోతే, కోర్టు లెక్కలో పాపగారు ఇంకా ఇక్కడే ఉన్నట్టు. పాలూ బిస్కెట్లూ ఎవడు తెస్తాడు?”

దర్జీ కూతురివైపు తిరిగాడు.

“ఆర్డరు లేకపోతే... వస్తావా అమ్మా?”

పాపకు ఒళ్లు మండిపోయింది. “ఆర్డరెక్కడేడ్చింది నాన్నా! నాకు పద్దెనిమిది నిండిన రోజే అది చెల్లిపోయింది. ఎనిమిదేళ్లయింది!”

“తెలిసీ చెప్పలేదా?”

“చెబితే నువ్వు రావడం మానేస్తావేమోనని,” అంటూ భోరుమంది.

గుమాస్తా నోరెళ్లబెట్టాడు. దర్జీ గబగబా సంతకం గీకి పైకి లేచాడు. కుర్చీ కూడా ఆయనతోపాటే లేచింది. ఏడుస్తూనే కూతురు దాన్ని ఊడలాగింది.

“వచ్చే శనివారం మన షాపుకి రా తల్లీ,” అన్నాడు దర్జీ, నడుం రుద్దుకుంటూ. “అక్కడ పెద్ద కుర్చీలున్నాయి.”