తాళంచెవి లేని చీటీ

భాగ్యరేఖకి ఉన్న తలపోటల్లా యుగంధర్ గొంతే. హిందీ ఊరు జాముల్‌లో సిమెంటు ఫ్యాక్టరీకి రాయి మోసే బెల్టులు బాగుచేసే ఆ చిన్న కాంట్రాక్టు కంపెనీలో ఇద్దరిదీ ఒకటే బల్ల. బెల్టెక్కే మనుషులకి అనుమతి చీటీ రాసేది ఆవిడ. అంతకుముందే కరెంటు ఆపి, స్విచ్చికి తాళం వేసి, తాళంచెవి ఆవిడ చేతిలో పెట్టేది అతను. పెడుతూ "బంద్ హై దీదీ!" అని, అంటే ఆపేశానక్కా అని, పైకప్పు ఎగిరిపోయేలా ఒక్క కేక. పదకొండేళ్ళుగా ఇదే వరస. తాళంచెవి చేతిలో పడందే ఆవిడ కలం కదిలేది కాదు.

"ఎవరికెవరితో పనో చూసి బల్లలు సర్దండి" అన్నాడు మేనేజరు మనోజ్‌కుమార్. ఇంకేం, సందు దొరికింది! ఆవిడ యుగంధర్ బల్లని గాజు గోడ అవతలి గదికి తోయించేసింది.

"ఏటి దీదీ, నన్ను ఎలేసినారా?"

"నీ గొంతుని ఎలేసినాన్రా బాబూ, నిన్ను కాదు."

రెండు వారాలు ప్రాణానికి హాయిగా ఉంది. మాటిమాటికీ లేచి తిరిగే ఓపిక ఎవరికుంది? ఆపావా అన్నట్టు గాజులోంచి ఆవిడ చెయ్యెత్తేది, అతను తలూపేవాడు, చీటీ అయిపోయేది. తాళంచెవులన్నీ సాయంత్రం ఒక్కసారే వచ్చేవి.

గురువారం కూడా చెయ్యెత్తింది. అతను ఫోనులో ఎవరితోనో మాట్లాడుతున్నాడు. అయినా తలూపాడు కదా అని రాసిచ్చేసింది. ఆ చీటీతో ఫిట్టరు పరంజ్యోతి బెల్టెక్కాడు. ఆ స్విచ్చికి తాళం పడలేదు. అవతల ఎవరో మామూలుగా నొక్కేశారు. పాపం, పరంజ్యోతికి అరిచే వ్యవధి కూడా దొరకలేదు.

మర్నాడు విచారణ. మనోజ్‌కుమార్ ఆవిడని ముందే పక్కకి పిలిచాడు.

"యుగంధర్ సైగ చేశాడని రాసెయ్యండి. మీరు కళ్ళారా చూశారు కదా, అబద్ధమేటుంది? లేకపోతే కేసు మీ మెడకే చుట్టుకుంటుంది."

ఆ మాటకి ఆవిడకి ఎంత ఊరటగా అనిపించిందో! ఛీ, ఇదేం బతుకు అని తనమీద తనకే అసహ్యం వేసింది.

గుమ్మం దగ్గర యుగంధర్ నిలబడి ఉన్నాడు. రాత్రంతా నిద్ర లేదేమో, మొహం పీక్కుపోయింది.

"నాకేటీ గురుతు లేదు దీదీ. మీరు సెయ్యెత్తింది సూసినట్టే లేదు. మీరే సెప్పండి, నేను తలూపేనా?"

భాగ్యరేఖకి ఫోను సంగతి నాలిక చివరిదాకా వచ్చింది.

"ఊపేవు" అంది.

"అయితే నేనే సంపేసినాను" అంటూ అతను గోడవారగా కూలబడిపోయాడు.

లోపల్నుంచి పిలుపొచ్చింది. ఆవిడ అతన్ని దాటుకుని వెళ్ళి, అదే మాట రాసి సంతకం పెట్టింది.