ఆకులేని పువ్వు

నాకు అసూయ లేదని ఎవరైనా చెబితే నమ్మకండి. నేనే చెప్పినా నమ్మకండి.

మొక్కల భవనంలో నాదీ నా స్నేహితురాలిదీ ఒకే బల్ల, ఉత్తరం కిటికీ కింద. తోటలో పూసినదాన్ని వాడిపోకముందే రంగుల్లోకి దింపడం దాని పని. ఆ తర్వాత ఆ మొక్కని కాయితాల మధ్య పెట్టి, బరువు కింద నొక్కి, ఎండాక అట్టకి అంటించడం నా పని. అందుకని దాన్ని అందరూ కుంచె అనేవాళ్ళు, నన్ను జిగురమ్మ అనేవాళ్ళు. అది మొక్కని పచ్చిగా చూసేది, నేను ఎండుగా చూసేదాన్ని. పుస్తకం అచ్చయ్యాక అందులో రాసినవాడి పేరుండేది, అచ్చువేసినవాడి పేరుండేది, మా పేర్లు మాత్రం ఉండేవి కావు. ఆడవాళ్ళకి పేర్లెందుకు అనుకునే కాలం అది.

ఒక అట్ట మీద ఒకే మొక్క. భవనంలో అన్నిటికన్నా ముందు నేర్పే నియమం అదే. రెండు మొక్కలు ఒక అట్ట మీద పడితే, రేపొచ్చే పండితుడు రెండూ కలిపి ఒకటే అనుకుంటాడని భయం. నేను దాన్ని ఏనాడూ తప్పలేదు.

మధ్యాహ్నం ఒక రొట్టె తెచ్చుకుని చెరిసగం తినేవాళ్ళం. పెద్ద ముక్క అదే లాక్కునేది, నేను తిట్టేదాన్ని, అది నవ్వేది. రోజూ ఇదే వరస. బాగానే ఉండేది.

ఇంతలో గొడుగావిడ దిగింది. మా భవనం అధికారిని అందరం పెద్దాయన అంటాం, ఆయనకి స్వయానా వదిన. మొగుడు పోయాక, ఆయన మిగిల్చిన ఆస్తి పెట్టుకుని కొండలెక్కి మొక్కలు ఏరుకొస్తుంది. ఎండైనా వానైనా చేతిలో నల్ల గొడుగు ఉండాల్సిందే. మా బల్ల దగ్గర ఆగి కుంచె బొమ్మ చూసింది. "అబ్బ! తుమ్మెద వచ్చి వాలుతుందేమో!" అంది. పక్కనే ఉన్న నా అట్టకేసి కన్నెత్తి చూస్తే ఒట్టు. ఆ వసంతంలో కుంచెని తనతో కొండలకి రమ్మంది.

"వెళ్ళనా?" అనడిగింది కుంచె.

"వెళ్ళు" అన్నాను. ఏమనను మరి? అప్పటికే కొత్త బూట్లు కొనేసుకుంది.

అది లేనన్నాళ్ళూ రొట్టె మొత్తం నాదే. ఒక్క పూట సయిస్తేనా! నాతో ఉండే మా పిన్ని చూసి చూసి, "ఏమే, మీ ఆయన పోయినప్పుడు కూడా నువ్వింత చిక్కిపోలేదు" అంది.

"ఊరుకో పిన్నీ. ఆయన పోయినప్పుడు ఎవరితోనూ షికారుకి పోలేదుగా" అన్నాను.

కుంచె వానాకాలం మొదట్లో తిరిగొచ్చింది. ఎండకి నల్లబడింది, నడక మారింది, మాట మారింది. నోరు తెరిస్తే చాలు "మా అమ్మగారు." మా అమ్మగారు వంతెన లేని వాగు దాటారట, మా అమ్మగారికి ఏడు భాషలొచ్చట. నాకు ఒక్క భాషే వచ్చు, అందులో నోటిదాకా వచ్చిన మాటలేవీ బయటికి చెప్పేవి కావు.

"అసలు సంగతి విను" అని నా చేతులు పట్టుకుంది. "ఎవరూ చూడని మొక్క దొరికింది మాకు. వచ్చే వారం పండితుల సభలో నా బొమ్మ పెడతారు. సభ ఒప్పుకుంటే బొమ్మ కింద నా సంతకం అచ్చవుతుంది. నాదే! ఆ తర్వాత అమ్మగారితో ఓడెక్కుతాను. దీవులన్నీ తిరిగొస్తాం, కొన్నేళ్ళు పడుతుందట."

"ఒప్పుకోకపోతే?"

"తప్పుడు బొమ్మ గీసేదాన్ని అమ్మగారు ఎందుకు తీసుకెళ్తారే?" అని నవ్వింది. ఆ మాట నాలో ఎంత లోతుకి దిగిందో దానికేం తెలుసు.

ఎండిన మొక్కనీ, దాని బొమ్మనీ నా చేతిలో పెట్టి వెళ్ళింది. నేల మీద పళ్ళెంలా పరుచుకునే గుండ్రటి ఆకులు, వాటి నడిమి నుంచి లేచిన ఒక్క కాడ, కాడ నిండా పూలు. బొమ్మలో పూలు లేత ఊదారంగులో ఉన్నాయి, చూడ్డానికి రెండు కళ్ళూ చాలవు. దిష్టి నేనే పెట్టేలా ఉన్నానని బొమ్మ బోర్లించేశాను.

అట్టకి అంటిద్దామని కూర్చున్నాక చూశాను. ఆకులు ఎండినా పచ్చగానే ఉన్నాయి. కాడ, పూలు మాత్రం మాడిన పెనంలా నల్లబడిపోయాయి. ఒకే ఒంట్లో ఇలా రెండు రకాలుగా ఎండడం ఎక్కడైనా ఉంటుందా? కాడ మీద వెతికాను. ఒక్క ఆకు లేదు, పొలుసులున్నాయంతే. అప్పుడర్థమైంది. ఇది వేరు మీద పట్టే బదనిక. సొంత ఆకు ఉండదు, మట్టి కింద పక్కమొక్క వేరుని పట్టుకుని దాని తిండి తిని, పువ్వు ఒక్కటీ పైకి పంపిస్తుంది. ఆ ఆకులు వేరే మొక్కవి. గొడుగావిడ వానలో తొందరపెట్టి ఉంటుంది, మన మహాతల్లి రెండిటినీ కలిపి ఒకే మొక్కగా గీసేసింది. దగ్గరే ఉన్నాయి కదా అని గుర్రం తల, గాడిద కాళ్ళు కలిపి బొమ్మ గీసినట్టుంది.

నేను నోరు మూసుకుంటే చాలు. సభలో ఏ ముసలి పండితుడో భూతద్దం పెట్టి చూసి పట్టేసుకుంటాడు. సభంతా నవ్వుతుంది. గొడుగావిడ గొడుగు తీసుకుని ఒంటరిగా ఓడెక్కుతుంది. కుంచె బూట్లు విప్పి నా బల్ల దగ్గరికొచ్చి కూర్చుంటుంది. నేను అబద్ధం ఆడక్కర్లేదు, వేలు కదపక్కర్లేదు. ఎంత హాయి!

ఇంటికెళ్ళి పిన్నికి చెప్పాను. పిన్ని బట్టలు మడతపెడుతూ వింది. "బాగుంది. దొడ్డిదారిన అన్నీ నీ చేతికే వస్తున్నాయి. మరి మొహం అలా పెట్టావేం?"

"వాళ్ళంతా దాన్ని చూసి నవ్వుతారు పిన్నీ."

"నీక్కావలసిందీ అదేగా?"

"వాళ్ళెవరు నవ్వడానికి?" అని ఇంతెత్తున లేచాను. "పదేళ్ళు పక్కన కూర్చుని దాని రొట్టె తుంపులు ఏరినదాన్ని నేను. దాన్ని తిట్టాలంటే నేను తిట్టాలి, నవ్వాలంటే నేను నవ్వాలి. మధ్యలో ఆ బోడితలలెవరు?"

పిన్ని చేతిలో దుప్పటి ఆగింది. "ఓసి నీ అసూయ బంగారంగానూ" అంది.

మర్నాడు దాన్ని బల్ల దగ్గరికి లాక్కొచ్చాను. మంచిగా చెప్పాలనే అనుకున్నాను. నోరు తెరిస్తే మంచి వస్తుందా నాకు! "నీ పువ్వుకి ఆ ఆకులు సొంతం కావు. కళ్ళెక్కడ పెట్టుకుని గీశావే?" అనేశాను.

దాని మొహం మాడిపోయింది. "కడుపుమంట! నేను బయల్దేరిన రోజు నుంచీ చూస్తూనే ఉన్నాను. నీకది తీరకే ఈ మాటలు."

"కడుపుమంటే! కాదని ఎవరన్నారు? మండిపోతోంది. అయినా ఆ ఆకులు దానివి కావు."

"పచ్చిగా చూసినదాన్ని నేను."

"ఎండాక చూసినదాన్ని నేను" అని మొక్క తీసుకెళ్ళి గోరువెచ్చటి నీళ్ళ పళ్ళెంలో వేశాను. ఎండిన పువ్వుని విప్పి చూడాలంటే మేం చేసే పనే అది. కానీ సభకి పోవలసిన మొక్క, ఉన్నది అదొక్కటే. కుంచె కెవ్వుమని నా చెయ్యి పట్టుకుంది. అప్పటికే మొక్క నీళ్ళలో పడిపోయింది.

ఇద్దరం పళ్ళెం మీదకి వంగాం. ఆకులు మెల్లగా మెత్తబడి, పైకి లేచాయి. వాటి కింద కాడ మొదట్లో చిన్న గడ్డ కనిపించింది. ఆ గడ్డ ఆకులమొక్క వేరుని పిడికిట పట్టినట్టు పట్టుకునుంది. నేను సూదితో తాకాను. కాసేపు పట్టు వదల్లేదు. తర్వాత ఊడి విడిగా తేలింది.

కుంచె బల్ల మీద తల వాల్చేసింది. "పోయింది. అంతా పోయింది" అంటూ ఏడ్చింది.

"ఏం పోలేదు. ఏడుపు మాని చూడు. ఈ ఆకులు మన తోట గోడ కింద కూడా మొలిచే పిచ్చిమొక్కవే. కానీ ఈ పువ్వు నేనింతవరకు ఏ అట్ట మీదా చూళ్ళేదు. నీ కొత్త మొక్క నీకుంది. సరిగ్గా గీసి చావు!"

అది ముక్కు తుడుచుకుంది. కాయితం బిగించింది. నేను పళ్ళెంలో వేరు తిప్పి చూపించాను, అది గీసింది. పచ్చిగా ఎలా ఉందో అది చెప్పింది, లోపల ఎలా ఉందో నేను చెప్పాను. మట్టి కింద ఆ పట్టుని కూడా బొమ్మలోకి దించింది. రొట్టె కూడా ఎవరికీ గుర్తురాలేదు. ఆ వారం నేను బతికినంత సుఖంగా ఇంకెప్పుడూ బతకలేదు. దాన్ని నా చేతులతో నేనే సాగనంపుతున్నానని తెలిసి కూడా!

సభకి ఆడవాళ్ళం వెనక తలుపు గుండా వెళ్ళి పై వసారాలో కూర్చున్నాం. కింద బొమ్మ చేతులు మారింది. ఒక ముసలాయన అద్దం పెట్టి చాలాసేపు చూసి తలూపాడు. ఒప్పుకున్నారు. కనుక్కున్నావిడే మొక్కకి పేరు పెట్టాలి, గొడుగావిడ లేచి ఆ హక్కు బొమ్మ గీసినదానికి ఇచ్చానంది. కుంచె లేచి పేరు చెప్పింది.

నా పేరు. జిగురమ్మ అని కాదు, మా అమ్మ పెట్టిన పేరు.

మెట్ల దగ్గర దాన్ని పట్టుకున్నాను. "లోకంలో ఇన్ని మొక్కలుండగా బదనికకి పెడతావా నా పేరు? పక్కవాళ్ళ వేరు పట్టుకు బతికేదానికా?"

"తవ్వినా వదల్లేదే అది. వాగులో కడిగినా వదల్లేదు. మరి ఇంకెవరి పేరు పెట్టను?" అంది. దాని కళ్ళలో నీళ్ళు, పెదవుల మీద నవ్వు. చెంప పగలగొడదామనుకుని కౌగిలించుకున్నాను.

ఓడ వెళ్ళిపోయింది. రేవుకి నేను పోలేదు. ఆ గొడుగుని ఇంకోసారి చూడాలన్న ముచ్చట నాకేం లేదు.

ఆ రోజు అట్ట తీసుకుని జిగురు కలిపాను. ముందు గుండ్రటి ఆకుల మొక్క, దాని వేరుకి ఆనించి నా పేరున్న నల్లటి కాడ. రెండూ ఒకే అట్ట మీద అంటించాను.

పెద్దాయన అటుగా వచ్చి చూశాడు. "ఇదేమిటమ్మా, ఒక అట్ట మీద ఒకే మొక్క కదా? నువ్వే తప్పితే ఎలా? విడదీసెయ్యి."

"విడదీస్తే ఇది చచ్చిపోతుందండీ."

ఆయన కళ్ళజోడు పైకి తోసుకున్నాడు. "అది ఎప్పుడో చచ్చిపోయింది కదమ్మా!"

"అయినా సరే" అని, ఆరేదాకా అట్ట మీద చెయ్యి తీయలేదు.