కొంబో మామను అడిగిన పూట

ఎర్రగుడ్డ అతుకు వేసిన ఆ తెరచాపను రిజికి దుర్భిణి లేకుండానే గుర్తుపట్టింది. న్గొమేనీ అనే ఆ జాలరి ఊరు మొత్తంలో అలాంటి చాప ఒక్కరిదే. కొంబో మామది. ఆ పూట ఏ పడవా ఉండకూడని చోట, సరిగ్గా రాకెట్ వెళ్లే దారి కింద అది నిలిచి ఉంది.

సముద్రంలో ఇనుప కాళ్ల మీద నిలబెట్టిన వేదికపైన రాకెట్ సిద్ధంగా ఉంది. దానికి కాస్త ఎడంగా ఉన్న రెండో వేదిక మీద రిజికి కూర్చునే గది. కాపలా మోటారు పడవలవాళ్లతో రేడియోలో స్వాహిలీలో మాట్లాడి, చేపల పడవలన్నీ పక్కకు వెళ్లాయని తేలాక ఆ మాట రాకెట్ పంపే ఇటాలియన్లకు చెప్పడం ఆమె పని. అది చెప్పేదాకా రాకెట్ కదలదు.

"లంగరేసుక్కూచున్నాడమ్మా," అన్నాడు రేడియోలో కాపలా పడవ నడిపే అత్మాన్. "కదలమంటే పాట ఎత్తుకుంటన్నాడు. ఆ పాటైనా బాగుంటే ఓర్చుకుందుం."

ప్రయోగం చూసుకునే పెద్ద ఇంజనీరు తెస్సారి కిటికీ దగ్గరికొచ్చి ఆకాశం వంక చూశాడు. ఏప్రిల్ నెల, వానలు మొదలయ్యే రోజులు. మధ్యాహ్నానికి మబ్బు పట్టేలా ఉంది.

"పోలీసులు లాంచీ పంపిస్తామంటున్నారు," అన్నాడు.

"లాంచీ దగ్గరికి పోతే ఆయన నీళ్లలో దూకుతాడు. ఊరు ఊరంతా పడవలేసుకుని వస్తుంది. నన్ను వెళ్లనివ్వండి. ఆయన మా మేనమామ."

తెస్సారి ఆమె మొహంలోకి ఒక్క క్షణం చూసి తలూపాడు.

ఇనుప నిచ్చెన దిగుతుంటే రిజికి ఆలోచన మామ గురించే. రాకెట్ గురించి కాదు. నాన్నను సముద్రం తీసుకుపోయాక ఆమెను భుజాన వేసుకుని పెంచింది కొంబో మామే. వంజరం చేపలు అమ్మిన డబ్బుతో మాలిందీ పట్నం బడిలో చేర్చాడు. ఆ చదువుతోనే ఆమె ఈ ఉద్యోగంలో చేరిన రోజున, "నా సముద్రానికి తాళమేసేవోళ్ల దగ్గర తాళంచెవి మోస్తావా?" అని కేకలేశాడు. ఆ తర్వాత రెండేళ్లుగా మాటల్లేవు. దారిలో ఎదురైతే తల తిప్పుకునేవాడు.

ఆమెను ఎక్కించుకొచ్చిన అత్మాన్ మోటారు పడవ కొంబో పడవ పక్కన ఆగింది. అత్మాన్ చెయ్యి అందిస్తే రిజికి మామ పడవలోకి దూకింది. కొంబో పాట ఆపాడు. ఆమెను కింది నుంచి పైకి ఓసారి చూశాడు.

"తిన్నావా?"

రెండేళ్ల తర్వాత మొదటి మాట.

"లేదు మామా."

తాటాకు బుట్టలోంచి ఏలకుల వాసనేసే మహమ్రీ బూరెలు, కొబ్బరిపాలతో వండిన కందిగింజల కూర తీసి ముందు పెట్టాడు. "తిను. ఖాళీ కడుపుతో పోట్లాడకూడదు."

ఆమె తింది. ఎప్పుడో తెల్లారకముందు తాగిన టీ తప్ప కడుపులో ఏమీ లేదు.

"ఎవరు పంపారు నిన్ను?"

"ఎవరూ పంపలేదు. నేనే వచ్చా."

"అయితే చుట్టపుచూపుకొచ్చావన్నమాట. మంచిది. పొద్దుగూకేదాకా ఉండు."

"అది పేలితే మన నెత్తిన పడుద్ది మామా."

"పడనీ. ఆ ఇనుము ఏరుకుని అమ్ముకుంటా."

పక్క పడవలో అత్మాన్ నవ్వాపుకోలేక అటు తిరిగాడు. కొంబో మాత్రం నవ్వలేదు. నీళ్ల వంక చూస్తూ గొంతు తగ్గించాడు.

"ఈ నెల్లో ఎన్నిసార్లు తోలేశారే మమ్మల్ని? ఇవాళ రావద్దంటారు. సరే అని ఇంట్లో కూచుంటే రేపటికి వాయిదా అంటారు. రేపు కాదు ఎల్లుండంటారు. మీరు వాయిదా వేసుకుంటే వంజరం కూడా వాయిదా వేసుకుంటుందా? వాళ్లకి అడ్డం పడాలని రాలేదు నేను. ఇంటి ముందు పెళ్లిపందిరి వేసుకునేవాడు కూడా పక్కింటోణ్ణి ఓ మాట అడుగుతాడు. ఒక్కడు, ఒక్కసారి, మా గుమ్మంలోకొచ్చి అడిగాడా?"

పడవవాళ్లను రావద్దని లౌడుస్పీకర్లో ఊరూరా చెప్పింది రిజికి గొంతే. అది చెప్పడమే తప్ప అడగడం కాదన్న సంగతి ఇన్నాళ్లూ ఆమెకు తట్టలేదు.

"అసలది ఎవరిదే? ఇటాలియన్లదేనా?" అన్నాడు కొంబో కాసేపటికి.

"పైకి పోయే ఉపగ్రహం వాళ్లదే. రాకెట్ మాత్రం అమెరికావాళ్లది."

"అదేంటి?"

"రష్యావాళ్లు అందరికంటే ముందు సొంత రాకెట్ కట్టి పంపారు. తర్వాత అమెరికా. ఫ్రాన్సువాళ్లు ఎడారిలోంచి పంపారు. నిరుడు జపాను, చైనా కూడా నేర్చేసుకున్నాయి. వీళ్లకి అంత రాకెట్ లేదు. అందుకని ఒకళ్లనడిగి రాకెట్ తెచ్చుకుని, సముద్రంలో నూనె తవ్వే వేదికను ఈడ్చుకొచ్చి ఇక్కడ నిలబెట్టారు."

"ఇక్కడే ఎందుకు? వాళ్లకి సముద్రం లేదా?"

"ఉంది. కానీ భూమి నడుం ఇక్కడుంది మామా. ఇక్కడ భూమి జోరుగా తిరుగుద్ది. ఆ ఊపు రాకెట్‌కి కలిసొస్తుంది."

కొంబో గడ్డం గోక్కున్నాడు. "జోరుగా పోతన్న పడవ ముక్కు మీంచి వల విసిరితే దూరం పడినట్టు."

"అచ్చం అంతే."

"అయితే ఆ ఊపు మనది."

"మనదే."

"రాకెట్‌నేమో అడిగి తెచ్చుకున్నారు. ఊపుని మాత్రం అడక్కుండా వాడుకుంటన్నారు."

రిజికి అత్మాన్ పడవలోంచి రేడియో అందుకుంది.

"ఈయన్ని మీరే అడగాలి," అంది తెస్సారితో ఇటాలియన్‌లో.

"ఏమని?"

"దారి ఇమ్మని. స్వాహిలీలో."

అటునుంచి చాలాసేపు గరగర తప్ప మాట లేదు. గదినిండా ఉన్న మనుషులందరూ ఆయన వైపే చూస్తుంటారని ఆమెకు తెలుసు. ఉద్యోగం పోయినట్టే అనుకుంది. అంతలో తెస్సారి గొంతు, బడిపిల్లాడు పాఠం అప్పజెప్పినట్టు, ఒక్కో మాటా కూడబలుక్కుంటూ వచ్చింది.

"పెద్దాయన కొంబో గారూ. నేను తెస్సారి. దయచేసి... మీ ఆకలి నాకు ఇవ్వండి."

స్వాహిలీలో దారికీ ఆకలికీ తేడా ఒక్క అక్షరమే. పాపం ఆయన ఆ అక్షరం దగ్గరే జారిపోయాడు. కొంబో నోరు తెరుచుకుని ఉండిపోయి, ఆనక పడవ ఊగిపోయేలా నవ్వాడు.

"మా దగ్గర అది బోలెడుంది. మొత్తం పట్టుకుపొమ్మను."

రిజికి కూడా నవ్వుతూనే ఆ మాట ఇటాలియన్‌లో చెప్పింది. అవతల గదిలో నవ్వులు వినిపించాయి. తెస్సారి మాత్రం నవ్వకుండా, ఈసారి తన భాషలోనే చెప్పాడు. మిమ్మల్ని ముందే అడగాల్సింది, అడగలేదు, ఆ తప్పు మాది. ఇకపై రోజు పెట్టుకునే ముందు మీ ఊరొచ్చి మీతో కూర్చుంటాను. ఇవాళ్టికి మాత్రం దారి ఇవ్వండి.

ఆమె చెప్పింది విని కొంబో లేచాడు. "టీకి రమ్మను. ఆకలితోనే రమ్మను," అంటూ లంగరు తాడు లాగడం మొదలుపెట్టాడు.

లంగరు వచ్చింది కానీ గాలి లేదు. ఉత్తరపు గాలి ఆగిపోయి, దక్షిణపు గాలి ఇంకా పుట్టని రోజులవి. తెరచాప తడిగుడ్డలా వేలాడింది. రేడియోలో తెస్సారి మబ్బుల సంగతి రెండుసార్లు గుర్తుచేశాడు.

"తాడు వేస్తా పట్టుకో పెద్దాయనా, లాక్కుపోతా," అన్నాడు అత్మాన్.

"నా పడవనా? మేకను లాగినట్టా?"

"మామా," అంది రిజికి.

కొంబో గొణుక్కుంటూనే తాడు కట్టించుకున్నాడు. అయినా చుక్కాని దగ్గర నిటారుగా కూర్చుని, తనే నడుపుతున్నట్టు అటూ ఇటూ తిప్పుతూ వచ్చాడు. హద్దు చూపించే తేలుడు పీపాలు దాటాక మోటారు ఆగింది. రిజికి రేడియో ఆయన చేతికిచ్చింది.

"ఈ మాట నువ్వే చెప్పు."

ఆయన దాన్ని శంఖం పట్టుకున్నట్టు రెండు చేతులా పట్టుకున్నాడు. "దారి ఇచ్చాం. క్షేమంగా పొండి."

మొదట మంట కనిపించింది. చప్పుడు లేదు. రాకెట్ వేదిక వదిలి చాలా పైకి లేచాక నీళ్ల మీదుగా ఆ మోత వచ్చి పడవ చెక్కల్ని వణికించింది. రిజికి ఇంతకుముందు ప్రయోగాలు కిటికీలోంచి చూసింది. ఆరుబయట, నీళ్ల మీద, మామ పక్కన ఎన్నడూ చూడలేదు. ఆయన చెయ్యి వచ్చి ఆమె భుజం మీద పడింది. పెదాలు దువా చదువుతున్నాయి. తెల్లటి గీత తూర్పుగా వంగి, మబ్బుల్లో దూరి, కనిపించకుండా పోయింది.

రేడియోలో కేకలు మొదలయ్యేసరికి ఆమెకు కళ్లలో నీళ్లు తిరిగాయి. "కక్ష్యలోకి చేరింది మామా. భూమి చుట్టూ తిరుగుతోంది."

"మళ్లీ ఇటు ఎప్పుడొస్తుంది?"

"గంటన్నర దాటాక."

"అయితే ఓ వల వేయొచ్చు," అన్నాడు కొంబో. నిజంగానే వేశాడు.

తెస్సారి మాట నిలబెట్టుకున్నాడు. ఆ వారంలోనే న్గొమేనీ వచ్చి, చాప మీద కాళ్లు ముడుచుకోలేక అవస్థ పడుతూ కూర్చుని, ఊరివాళ్లు పెట్టిన చివాట్లన్నీ తిన్నాడు. చేపలు బాగా పడే రోజుల్లో రాకెట్ జోలికి పోకూడదన్నారు. కొన్నిటికి ఒప్పుకున్నాడు, కొన్నిటికి ఒప్పుకోలేదు. ఇద్దరు ముగ్గురు కోపంగానే లేచిపోయారు. మిగిలినవాళ్లు టీ తాగారు.

వెళ్లబోతుంటే కొంబో ఆయన్ని ఆపి, రిజికిని పిలిచాడు.

"రష్యావోళ్లు నేర్చుకున్నారు, జపానోళ్లు నేర్చుకున్నారు అన్నావు. మనమెప్పుడు పంపుతాం?"

"మనకింకా రాదు మామా. లెక్కలు రావాలి, రాకెట్ కట్టడం రావాలి."

"ఎవరో ఒకరు మొదలెడితేగా వచ్చేది. ఈయన్నడుగు, నీకు నేర్పుతాడేమో."

రిజికి మొహమాటపడుతూనే ఆ మాట తెస్సారికి చెప్పింది. ఆయన, ఉపగ్రహం పంపే సంకేతాలు వినేచోట ఒక కుర్చీ ఖాళీగా ఉందనీ, సోమవారం నుంచి రేడియో పని అయ్యాక అక్కడికి రమ్మనీ అన్నాడు.

"లెక్కలు కష్టంగా ఉంటాయి," అన్నాడు.

"ఏమంటన్నాడు?" అన్నాడు కొంబో.

"కష్టమంట మామా."

"సముద్రమేమన్నా సులువుగా వచ్చిందా నీకు? వస్తానని చెప్పు."