లోనీ అమ్మిన ఎర్రచుక్కలు

లోనీ ఫెంట్రెస్ తనకి మూడు పుచ్చు అద్దాలు అంటగట్టాడని రోయిస్ టాకెట్ ఏడాదిన్నరగా కనబడ్డవాడికల్లా చెబుతూనే ఉన్నాడు. దాణా కొట్టులో చెప్పాడు. క్షవరం చేయించుకుంటూ చెప్పాడు. ఆదివారం చర్చి బయట, ట్రక్కుల దగ్గర నిలబడి చెప్పాడు. పిస్తోలు మీద బిగించే ఆ చిన్న అద్దంలో ఎర్రచుక్క ఒకటి వెలుగుతుంది. చుక్క ఎక్కడుంటే గుండు అక్కడికి పోవాలి. చుక్కన్నాక గుండ్రంగా ఉండాలి గదా! లోనీ అమ్మినదానికి తోకుంది. కామా గుర్తులాగా ఎడమ కిందివైపు లావుపాటి తల, కుడి పైవైపుకి సాగిన తోక. చుట్టుపక్కల అమ్మేవాడు ఇంకెవడూ లేడు గనక తిట్టుకుంటూనే రెండోది కొన్నాడు. దానికీ తోకే. మూడోదానికీ అంతే.

"కంపెనీవాళ్లు అవతల పారేసిన సరుకు ఏరుకొచ్చి మన మొహాన కొడుతున్నాడు దొంగవెధవ," అనేవాడు రోయిస్.

లోనీకి హైవే మీద తుపాకుల షాపుంది. అద్దాల తలుపులు, ఏసీ, గోడ నిండా జింక తలలు. రోయిస్‌కున్నది ఇంటి వెనక రేకుల షెడ్డు, అందులో ఇనుము కోసే పాత మిల్లింగ్ మెషీను ఒకటి. ఇద్దరూ ఒకే బళ్లో చదివారు. రోయిస్ తొమ్మిదిలో మానేసి కలప కోసే మిల్లుకి పనికి పోయాడు. లోనీ చదువు ముగించి, మామగారి షాపులో కుర్చీ ఎక్కాడు. కానీ చేతిపనిలో మాత్రం రోయిస్‌కి సాటొచ్చేవాడు ఆ కౌంటీ మొత్తంలో లేడు. పిస్తోలు పైన ముందుకీ వెనక్కీ కొట్టుకునే స్లైడ్ మీద అతను గాడి కోసి అద్దం దింపితే, మధ్యలో కాగితం ముక్క కూడా దూరదు. లోనీకి అంత ఓపికెక్కడిది? స్లైడుకీ అద్దానికీ మధ్య ఒక రేకుపలక పెట్టి, నాలుగు మరలు బిగించి, డబ్బాలో పెట్టి ఇచ్చేస్తాడు.

ఇప్పుడు షెరీఫ్ ఆఫీసువాళ్లు తమ ముప్పై ఎనిమిది పిస్తోళ్లకీ ఎర్రచుక్కలు పెట్టించదలిచారు. రోయిస్‌కొకటి, లోనీకొకటి పిస్తోలూ అద్దమూ ఇచ్చి, బిగించి గురి కుదిర్చి తెమ్మన్నారు. కాల్పుల రేంజిలో పక్కపక్కన పెట్టి కాల్చి చూసి, ఎవరిది బాగుంటే వాళ్లకే పని మొత్తం. రోయిస్ ప్రాణాలన్నీ ఆ పనిమీదే పెట్టుకున్నాడు. మెషీను బేరింగులు అరిగిపోయి గేదెలాగా మూలుగుతున్నాయి. అవి మార్చకపోతే ఈ చలికాలంతో షెడ్డుకి తాళమే. ఆఫీసువాళ్లిచ్చిన అద్దంలోనూ చుక్కకి తోకుంది. అంటే ఇదీ లోనీ షాపునించే పోయిందన్నమాట, అని రోయిస్ తేల్చేసుకున్నాడు. తల లావుగా ఉన్నచోటే అసలు చుక్క అనుకుని, దాన్నే పట్టుకుని గురి కుదిర్చాడు. అతను కాలిస్తే గుళ్లన్నీ నడిబొడ్డునే పడ్డాయి.

శనివారం పొద్దున్న రేంజిలో ముగ్గురే ఉన్నారు. మూడో మనిషి సార్జెంట్ మార్లా విగ్స్. డెప్యూటీలందరికీ కాల్చడం నేర్పేది ఆవిడే. నవ్వడం ఆవిడకి అలవాటు లేదు.

"ఏరా రోయిస్, నిద్రపట్టిందా రాత్రి?" అన్నాడు లోనీ, ట్రక్కు వెనక తలుపు మీద కూచుని కాఫీ ఊదుకుంటూ.

"నీ రేకుపలక చూశాక బాగానే పట్టింది. డబ్బా మూత కత్తిరించి పెట్టావా ఏం?"

"మూతో మూకుడో, నా షాపుకి కరెంటు బిల్లు కట్టేది అదే. నీ షెడ్డులో లైటు వెలుగుతోందా ఇంకా?"

"మీ ఇద్దరి సరసాలూ తర్వాత," అంది మార్లా చెవులకి చప్పుడాపే డిప్పలు తగిలించుకుంటూ. "ముందు చెప్పిందే మళ్లీ చెబుతున్నా. ఇక్కడ గురి సర్దే మర తిప్పేది లేదు. నా డెప్యూటీ పెట్టెలోంచి పిస్తోలు తీసుకుని పరిగెత్తాలి, స్క్రూడ్రైవరు వెతుక్కుంటూ కూచోడు. ఇరవై అయిదు గజాలు, అయిదు గుళ్లు, నాలుగంగుళాల వెడల్పు వలయం. అయిదూ లోపల పడాలి."

ముందు లోనీది. బల్లమీద ఇసకమూట, దానిమీద మణికట్లు ఆనించి మార్లా తాపీగా అయిదు కాల్చింది. అట్ట తెచ్చి చూస్తే రంధ్రాలు కోడి గీరినట్టు తలోవైపూ ఉన్నాయి. అయితే అయిదూ వలయంలోనే ఉన్నాయి, ఒకటి మాత్రం అంచు మీద.

"ఇదేనా?" అన్నాడు రోయిస్.

తర్వాత రోయిస్‌ది. అట్ట దగ్గరికి ముగ్గురూ నడిచి వెళ్లారు. అయిదు గుళ్లూ ఒకే చోట, సీసామూత పెడితే మూసుకుపోయేంత దగ్గరగా పడ్డాయి. అంత బిగువైన పని మార్లా ఎప్పుడూ చూడలేదేమో, వేలు పెట్టి తడిమింది. కానీ ఆ అయిదూ వలయానికి బయట ఉన్నాయి. ఎడమ కిందివైపు, నడిమికి మూడంగుళాల దూరంలో.

రోయిస్ అట్ట మీదకి వంగి చూశాడు. "అద్దం పుచ్చుది," అన్నాడు. "చుక్క వంకర. వీడి సరుకే గదా!"

"ఇది రాజధాని నుంచి సీలు మీద నాకొచ్చింది. లోనీ చెయ్యి తగల్లేదు," అంది మార్లా. బల్ల దగ్గరికొచ్చి పిస్తోలు ఖాళీ చేసి, అద్దంలోంచి చూసింది. "గుండ్రంగానే ఉందే!"

"తోక కనపడటం లేదూ?"

"ఏ తోక?" అని, ఆవిడ లోనీ పిస్తోలు కూడా ఖాళీ చేసి రోయిస్ చేతికిచ్చింది. "ఇందులో?"

రోయిస్ అట్టల వెనకున్న మట్టికట్ట వైపు గురిపెట్టి చూశాడు. "ఇందులోనూ ఉంది. ఇంకా పొడుగుంది."

"సరే, పిస్తోలుని పక్కకి పడుకోబెట్టి చూడు. పుచ్చు అద్దంలో ఉంటే తోక కూడా పిస్తోలుతోపాటే తిరుగుతుంది."

రోయిస్ మణికట్టు తిప్పాడు. పిస్తోలు పక్కకి ఒరిగింది. తోక ఒరగలేదు. అలాగే ఉంది, కుడి పైవైపుకి. ఇంకోపక్కకి తిప్పాడు. తోక కదిలితేగా!

"నీ కన్ను," అంది మార్లా. "చాలామందికుంటుంది. మా నాన్నకీ ఉంది. కళ్లజోడు పెట్టుకుంటే పోతుంది. నువ్వు నీ కంటి వంకరకి గురి కుదిర్చావు, నా కంటికొచ్చేసరికి గుళ్లు పక్కకి పోయాయి. ఎవరినైనా ఒక్కసారి చూడమనలేకపోయావా?"

రోయిస్ ఎవరినీ చూడమనలేదు. ఒకళ్లని అడిగేదేమిటనుకున్నాడు. అతను మెల్లగా లోనీ వైపు తిరిగాడు.

"నీకు తెలుసా?"

"మొదటిరోజే తెలుసు," అన్నాడు లోనీ, కాఫీ గుటక వేసి. "నాలుగొందలు అమ్ముంటాను ఈ అద్దాలు. తోకుందని వచ్చేవాడు వారానికొకడు."

"మరెందుకు చెప్పలేదు?"

"అడిగితే చెప్పేవాణ్ని. నువ్వు వస్తూ వస్తూనే దొంగవెధవ అన్నావు, అదీ పదిమంది ముందు. సరే అనుకున్నా. రెండోది కొన్నావు, మూడోది కొన్నావు. నాకేం నొప్పి?"

మార్లా లోనీకేసి చూసిన చూపు బాగాలేదు. కానీ రూలు రూలే. అట్ట మీద లోనీ పేరు రాసింది. రాసి, కలం జేబులో పెట్టకుండా అంది: "పని ఫెంట్రెస్‌ది. కానీ ఈ గాడి లాంటిది నేను చూడలేదు. స్లైడ్లు టాకెట్ కోసి, గురి ఫెంట్రెస్ కుదిరిస్తే నాకు మరీ సంతోషం. కోతకి ఒక్కోదానికి నూట డెబ్బై అయిదు డాలర్లు ఇప్పిస్తాను. ఒప్పుకోవడం మానుకోవడం ఫెంట్రెస్ ఇష్టం."

లోనీ కాసేపు కాలితో గులకరాళ్లు దొర్లించాడు. "ఇస్తాను. వాడు ఒక్కమాట అనాలి, ఇప్పుడే, మీ ముందే. లోనీ సరుకు మంచిది, నా కన్నే వంకర అనాలి. నా షాపుకి రావడం మానేసిన వాళ్లెంతమందో వీడికేం తెలుసు!"

జనం రావడం మానేసిన మాట నిజమే. రోయిస్‌కి ఆ సంగతి తెలుసు. కన్ను వంకరేనని కూడా తెలుసు. మెషీను మూలుగు చెవుల్లో వినబడుతూనే ఉంది. నోరు తెరిచాడు కూడా. కానీ లోనీ తల ఒకపక్కకి వంచి, చెవి దగ్గర అరచెయ్యి దొప్పలాగా పెట్టుకుని నవ్వుతూ నిలబడ్డాడు. ఏడాదిన్నరపాటు కౌంటర్ వెనకాల వీడు ఇలాగే నవ్వుకుని ఉంటాడు, తను తోక గురించి అరుస్తున్నప్పుడల్లా.

"నీ పలకల మరలు ఎండాకాలం వచ్చేలోపు వదులవుతాయిరా," అన్నాడు రోయిస్. "ఆ అద్దాలు లేచొచ్చి నీ మొహాన్నే పడాలి."

"అయితే పో," అన్నాడు లోనీ.

మార్లా కలం జేబులో పెట్టుకుంది. రోయిస్ ట్రక్కెక్కి తలుపు వేసుకున్నాడు. గేటు దాకా వచ్చాక, వద్దనుకుంటూనే ముప్పై ఎనిమిది స్లైడ్లకీ లెక్క వేశాడు. ఆరువేల ఆరువందల యాభై డాలర్లు.